పదిహేడో నంబరు బండచుక్క

"ఈ భూమండలం మీద అపరాధ పరిశోధకులనదగ్గవాళ్లు ఇద్దరే ఇద్దరు," అన్నాడు బావ, కంటికి బిగించిన అద్దం తీయకుండానే. "ఒకడు పోయాడు. రెండోవాడు నీ కళ్లెదుట కూర్చుని గడియారం బాగుచేస్తున్నాడు."

దర్జీ కొలతల టేపు సాగదీశాడు. అతని నోట్లో నాలుగు గుండుసూదులున్నాయి. అవి నోట్లో ఉన్నంతసేపూ బావ మాటలకు బదులు చెప్పే బాధ్యత ఉండదు కాబట్టి, పని ఉన్నా లేకపోయినా అతను రోజుకు ఆరేడు గంటలు సూదులు నోట్లోనే పెట్టుకుంటాడు. కొలతలివ్వడానికి చేతులు చాపి నిలబడ్డ ఆసామికి ఈ కిటుకు తెలియదు.

"పోయినవాడు ఎలా పోయాడండీ?" అని అడిగాడు పాపం.

"నా గురించి ఎవరో చెప్పారట," అన్నాడు బావ. "విన్నాడు. పోయాడు."

కొట్టు ఒకటే గది. కుడివైపు దర్జీ కుట్టుమిషను, గుడ్డముక్కల గుట్ట, కోట్లు తగిలించే బొమ్మ. ఎడమవైపు బావ గడియారాల బల్ల. ఆ వైపు గోడ మీద ముప్పై గడియారాలు ముప్పై రకాల వేళలు చూపిస్తుంటాయి కాబట్టి, బావ ఎప్పుడొచ్చినా ఏదో ఒక గడియారం ప్రకారం సమయానికి వచ్చినట్టే. గడియారాలు బాగుచేయడంలో మాత్రం ఆయన చేతికి తిరుగులేదు. వెంట్రుక సగం మందం ఉన్న స్ప్రింగును ఊపిరి బిగబట్టి నిలబెట్టగలడు. చిక్కల్లా కంటితోనే. ముప్పై ఏళ్లు అద్దం బిగించి బిగించి, ముక్కుకు జానెడు దూరంలో ఉన్నదేదీ ఆ కంటి నుంచి తప్పించుకోలేని స్థితి వచ్చింది. జానెడు దాటిందంటే ఏనుగు కూడా క్షేమంగా వెళ్లిపోవచ్చు.

రెండేళ్ల కిందట దర్జీ ఆ కోట్ల బొమ్మను కొత్తగా కొని కొట్లో నిలబెట్టాడు. బావ వీధికి అవతలి అరుగు మీద కూర్చుని మూడు రోజులు దాని మీద నిఘా వేశాడు. అన్ని గంటలు కదలకుండా నిలబడగల మనిషి సామాన్యుడు కాదన్నాడు. మరి తల లేదేమిటి బావా అంటే, మారువేషం అన్నాడు.

ఇలాంటి మనిషిని భరించడం దర్జీకి తప్పదు. అక్క తన పెళ్లయిన మర్నాడే తమ్ముణ్ణి పక్కకు పిలిచి ఒప్పందం చేసుకుంది: గడప లోపల ఈయన్ని నేను చూసుకుంటా, గడప దాటాక నువ్వు చూసుకో. ఇరవై ఆరేళ్లయింది. ఆమె భాగానికి నిద్రపోయే బావ వచ్చాడు, తన భాగానికి మేలుకున్న బావ వచ్చాడు.

ఆసామి కొలతలిచ్చి వెళ్లిన కాసేపటికి మొక్కలమ్మాయి వచ్చింది. ఊరవతల కొండమొక్కల కార్యాలయంలో కొత్తగా చేరిన అధికారిణి. చేరి పద్దెనిమిది రోజులే అయినా ఊరు ఆమెకు పేరు పెట్టేసింది. రావడం రావడమే స్టూలు మీద కూలబడింది.

"మీ సంచులు అయిపోయాయమ్మా," అన్నాడు దర్జీ సూదులు తీసి. పలచటి మల్లుగుడ్డతో, బొటనవేలంత పరిమాణంలో, మూతికి దారం పెట్టి పన్నెండు సంచులు కుట్టాడు. కొట్టుకు వచ్చినవాళ్లంతా ఈ టోపీలు ఎవరికని అడుగుతుంటే చెప్పుకోలేక చచ్చాడు. "గింజలు గాలికి పోకుండా పువ్వుకు తొడుగుతారన్నారు కదా. పన్నెండూ సరిపోతాయా?"

"ఒక్కటి కూడా అక్కర్లేకుండా పోయేలా ఉంది బాబాయ్," అందా అమ్మాయి. "పదిహేడో నంబరు మాయమైంది."

ఎడమవైపు కుర్చీ కిర్రుమంది.

"ఎన్నేళ్ల శిక్ష పడింది వాడికి?" అన్నాడు బావ.

"వాడు కాదు బాబాయ్ గారూ. మొక్క."

ఆమె చెప్పిన సంగతి ఇదీ. కొండ మీద రాళ్ల వాలులో బండచుక్క అనే మొక్క ఉంది. లోకం మొత్తానికి ఆ ఒక్క వాలులోనే మిగిలింది, అదీ ఇరవై మూడంటే ఇరవై మూడు. పూస్తే రూపాయి బిళ్లంత తెల్లగా చుక్కలా పూస్తుంది. పూయనప్పుడు మాత్రం బండ పగుళ్లలో బండ రంగులోనే, బూజు పట్టినట్టు పడి ఉంటుంది. తొక్కినా తెలియదు. అందుకే పాత సారు ఒక్కో మొక్క పక్కన అరచేతిలో పట్టేంత రాయి పెట్టి, దాని మీద తెల్ల రంగుతో నంబరు వేసి ఉంచాడు. రాయిని బట్టే మొక్కను పోల్చుకోవడం. ఆయన పదవీ విరమణ రోజున, మంచులో, ఇరవై మూడింటినీ ఒక్క పూటలో చూపించి, ఈమె చేతిలో రిజిస్టరు పెట్టి వెళ్లిపోయాడు.

"ఏ మొక్క పుప్పొడి ఆ మొక్క పువ్వుకే పనికిరాదు," అంది. "ఇంకో మొక్కది అంటితేనే కాయ కడుతుంది."

"బయటి సంబంధమే కావాలన్నమాట," అన్నాడు దర్జీ.

"అవును బాబాయ్. ఆరేళ్లుగా రెండు మొక్కలు ఒకేసారి పూయనే లేదు. ఒక్క గింజ రాలేదు. ఉన్నవన్నీ ముసలివైపోయాయి, నిరుడు నాలుగు చచ్చిపోయాయి. ఈ ఏడు తొమ్మిదో నంబరు, పదిహేడో నంబరు ఒక్కసారే మొగ్గ తొడిగాయి. తొమ్మిది నిన్న పొద్దున విచ్చుకుంది. ఆ పువ్వు బతికేది ఐదు రోజులు. పదిహేడు దగ్గరికి వెళ్తే..." ఆమె చున్నీ కొసతో ముక్కు తుడుచుకుంది. "నంబరు రాయి కూడా లేదు. రాయి లేకుండా ఆకును వెతుకుదామంటే కొండంతా అదే రంగు. సారు ఆరేళ్లు కాచుకుని కాచుకుని, చూడకుండానే వెళ్లిపోయారు. నేను పద్దెనిమిది రోజుల్లో పోగొట్టేశాను."

దర్జీ మిషను దగ్గర్నుంచి లేచాడు. మంచినీళ్ల గ్లాసు అందించాడు. బావ మాత్రం లేచి నిలబడి, కంటి అద్దాన్ని నుదుటి మీదికి నెట్టి, గది నాలుగు మూలలా ఒకసారి కలియజూశాడు.

"మామూలు దొంగ ఇంటిని దోచుకుంటాడు," అన్నాడు. "ఇంటి నంబరు పలక కూడా ఊడబెరుక్కుని పోయాడంటే వాడు మామూలువాడు కాదు. దీని వెనక ఖండాంతర పుష్పాపహరణ ముఠా ఉంది. భయపడకు తల్లీ. ఇంకా నాలుగు రోజుల గడువుంది. నాకు మూడు చాలు."

"నాలుగో రోజు ఏం చేస్తావు?" అన్నాడు దర్జీ.

"పత్రికలవాళ్లతో మాట్లాడతాను."

*

ముఠా నాయకుడెవరో బావ అరగంటలో తేల్చేశాడు. సంతవీధిలో వేర్లూ ఆకులూ పొడిచేసి డబ్బాల్లో అమ్మే చూర్ణాలాయన. పొద్దస్తమానం మొక్కలను నలగ్గొట్టేవాడికి మొక్కల మీద జాలి ఎక్కడిదని బావ వాదన. కుట్టు మధ్యలో ఆపి దర్జీ వెంట వెళ్లాల్సి వచ్చింది.

చూర్ణాలాయన బల్ల మీద నలభై డబ్బాలున్నాయి. బావ అద్దం బిగించుకుని ఒక్కో డబ్బాలో ముక్కు మునిగేదాకా వంగి చూసుకుంటూ పోయాడు. పంతొమ్మిదో డబ్బా దగ్గర ఆగిపోయాడు.

"బూడిద రంగు," అని దర్జీ చెవిలో అన్నాడు. "బండచుక్క ఆకు ఏ రంగు?"

"బూడిద రంగే. కానీ బావా..."

బావ అప్పటికే చెంచాడు నోట్లో వేసుకున్నాడు. చప్పరించి, కళ్లు మూసుకుని, రుజువు గట్టిగా ఉండాలని మరో రెండు చెంచాలు వేసుకున్నాడు.

"చేదు. వగరు. వెనకాల ఏదో రహస్యం," అన్నాడు. "ఏమయ్యా, ఇది ఏమిటో నిజం చెప్పు."

"విరేచనానికండి," అన్నాడు చూర్ణాలాయన. ఆయన ముఖంలో రంగు మారుతోంది. "చిటికెడు వేసుకుంటారు. పెద్ద మనిషికి."

"ఎంతసేపటికి పనిచేస్తుంది?" అన్నాడు బావ, నెమ్మదిగా.

"చిటికెడైతే గంటకి. ఇప్పుడు తమరు వేసుకున్న లెక్కన..."

తక్కిన మాట వినడానికి బావ అక్కడ లేడు. సంతవీధి మొదట్లో హుందాగా నడిచాడు. మధ్యలో హుందాతనం తగ్గించి వేగం పెంచాడు. వీధి చివర ఆయన్ని చూసినవాళ్లు, పరిశోధకుడు దొంగను తరుముతున్నాడనే అనుకున్నారు. ముందు దొంగ కనిపించకపోతే, వాడు ఇంకా వేగంగా పరిగెత్తుతున్నాడని సరిపెట్టుకున్నారు.

"మూడు చెంచాలా?" అంది ఇంట్లో అక్క, మరుగుదొడ్డి తలుపు వైపు చూస్తూ. "నువ్వేం చేస్తున్నావురా పక్కన నిలబడి?"

"కానీ అన్నానక్కా."

"నీ కానీ ఆయన్ని ఎప్పుడన్నా ఆపిందా?"

లోపల్నుంచి బావ గొంతు వినిపించింది. "విషప్రయోగం. నేను సరైన దారిలోనే ఉన్నాను."

మర్నాడు మధ్యాహ్నానికి గానీ బావ నిటారుగా నిలబడలేదు. నిలబడిన వెంటనే, ముఖం తెలిసిపోయింది కాబట్టి ఇక మారువేషం తప్పదన్నాడు. దర్జీ టీ తాగి వచ్చేసరికి బొమ్మ ఒంటి మీద కోటు లేదు, కుర్చీలో బావా లేడు. ఆ కోటుకు ఎడమ చెయ్యి ఇంకా పైపైన టాకాలు వేసి ఉంది. అంతకన్నా ఘోరం, అది చూర్ణాలాయన కోటు.

అతను సంతవీధికి పరిగెత్తేసరికి జరగాల్సింది జరుగుతోంది. బావ గోడకు ఆనుకుని, కాలరు చెవుల దాకా ఎత్తి, చూర్ణాలాయన వెనకాలే పిల్లిలా నడుస్తున్నాడు. చూర్ణాలాయన ఆగాడు. వెనక్కి తిరిగాడు. కోటును కింది నుంచి పైకి చూశాడు.

"ఈ బొత్తాలు నేనే ఏరి ఇచ్చాను," అన్నాడు.

"నేను పరదేశిని," అన్నాడు బావ గొంతు మార్చి. "దారి తప్పాను."

"నువ్వు తప్పితే తప్పావు, నా కోటును ఎందుకు తప్పించావయ్యా," అని చూర్ణాలాయన ఎడమ చెయ్యి పట్టి గుంజాడు. టాకాలు పటపటమన్నాయి. చెయ్యి మొత్తం ఊడి ఆయన చేతికి వచ్చింది. వీధిలో ఒకావిడ, మనిషి చెయ్యే ఊడిందనుకుని కూరల సంచి జారవిడిచింది.

దర్జీ ఇద్దరి మధ్యా దూరి, ఒకాయన్ని బతిమాలి, ఒకాయన్ని లాగి, సాయంత్రానికల్లా కోటు ఇస్తానని ఒట్టేసి బయటపడ్డాడు. ఈ గొడవలో తేలిందేమిటంటే, చూర్ణాలాయన వేర్లన్నీ పార్సిల్లో వస్తాయి. మోకాళ్ల నొప్పులతో ఆయన పన్నెండేళ్లుగా కొండ ముఖమే చూడలేదు.

"చూశావా," అన్నాడు బావ, ఒంటిచేతి కోటుతో నడుస్తూ. "కోటు చూడగానే ఎంత కంగారుపడ్డాడో. తప్పు చేసినవాడి లక్షణం."

"అది ఆయన కోటు బావా."

"అదే అంటున్నాను. నీ కోటు ఇంకొకడి ఒంటి మీద కనిపిస్తే నువ్వు అలా కంగారుపడతావా?"

"పడతాను."

బావ పది అడుగులు ఆలోచించాడు. "అయితే వాణ్ణి వదిలేద్దాం," అన్నాడు. "ముఠా కొండ మీదే ఉంది."

ఆ సాయంత్రం మొక్కలమ్మాయి కొట్టు ముందు నుంచి వెళ్తూ ఆగింది. మోచేతులు గీసుకుపోయి ఉన్నాయి. రెండు రోజులుగా బండల మీద పాకుతోందట. ఏమైనా తెలిసిందా అని అడిగింది. చూర్ణాలాయన నిర్దోషి అని తెలిసిందన్నాడు బావ. ఆయన్ని ఎవరు అనుమానించారని ఆ అమ్మాయి అడగలేదు. రేపటికి నాలుగో రోజు బాబాయ్ అని మాత్రం అంది. ఆమె వెళ్లాక దర్జీ కోటు చెయ్యి అతుకుతూ చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. నోట్లో సూదులు కూడా లేవు.

*

మర్నాడు పొద్దున్నే ముగ్గురూ కొండెక్కారు. బావకు అక్కడ ఇంకో పని కూడా ఉంది. వాలు నడిమధ్య కార్యాలయంవాళ్ల వాతావరణ పెట్టె ఒకటి మూడు కాళ్ల స్టాండు మీద నిలబడి ఉంటుంది. లోపల గడియారం లాంటి యంత్రం ఒక కాగితపు చుట్టను తిప్పుతుంటే, చిన్న కలం దాని మీద ఎండా చలీ గీతలుగా గీస్తుంది. వారానికోసారి దానికి కీ ఇచ్చి, కలంలో ఊదా సిరా పోయడం బావ బాధ్యత. ఇవాళ కీ ఇచ్చే రోజు. జేబులో సిరా సీసా వేసుకునే బయల్దేరాడు.

సగం దారిలో మేకల పెద్దమ్మ ఒక బండ మీద కూర్చుని ఉంది. బావ ఆమెకు ఎదురుగా నిలబడి చిన్న పుస్తకం తీశాడు. అందులో కేసు వివరాలన్నీ రాసుకున్నాడు.

"పోయిన వారం నువ్వెక్కడున్నావు?"

"ఇక్కడే."

"అంతకుముందు వారం?"

"ఇక్కడే."

"అంతకుముందు?"

"పెళ్లయిన దగ్గర్నుంచీ ఇక్కడే బాబూ."

"ఇన్నేళ్లుగా ఒకే బండ మీద. ఎవరి కోసం ఎదురుచూస్తున్నావు?"

"ఇవి కడుపు నిండి ఇంటికి పోదామంటాయేమోనని."

బావ దర్జీ వైపు తిరిగి కన్ను గీటాడు. సమాధానాలు మరీ సూటిగా ఉన్నాయని, ముందే బట్టీపట్టిందని గొణిగాడు. మళ్లీ ఆమె వైపు తిరిగాడు. "నీ మేకలు బండచుక్కలు తింటాయా?"

"ఆ బొచ్చాకు మేక ముట్టదు. నాలిక దురద. అయినా పాత సారు నన్ను బతిమాలి చెప్పాడు, అటు పోనివ్వను." ఆమె గడ్డం కింద చెయ్యి పెట్టుకుంది. "నీ పుస్తకమైతే తింటోంది చూడు."

బావ చూసేసరికి నల్లమేక ఒకటి మూడు పేజీలు నమిలేసి, నాలుగో పేజీ అందుకుంటోంది. లాక్కుంటే అట్ట మిగిలింది.

"అందులో కేసు మొత్తం ఉంది," అన్నాడు బావ నీరసంగా.

"ఇప్పుడు దీంట్లో ఉంది," అంది పెద్దమ్మ మేక కడుపు తట్టి. "రేపు పొద్దున రా."

మొక్కలమ్మాయి రెండు రోజుల్లో మొదటిసారి నవ్వింది. అంతలోనే ఎండ ఎక్కుతోందని చూసి ముందుకు నడిచింది.

తొమ్మిదో నంబరు దగ్గర ముగ్గురూ ఆగారు. నల్లటి బండ పగులులో తెల్లటి పువ్వు, కడిగి ఆరేసిన కొత్త గుడ్డలా ఉంది. రేకుల కొసలు మాత్రం కొంచెం లోపలికి ముడుచుకుంటున్నాయి. ఆ అమ్మాయి దాని ముందు మోకాళ్ల మీద కూర్చుని చేత్తో ఎండ అడ్డం పెట్టింది. ఇన్నాళ్లూ ఆ సంచులు కుట్టిన దర్జీ, అవి తొడిగేది దేనికో చూడటం అదే మొదటిసారి. ఇంత చిన్నదాని కోసం అంత గొడవా అని లోపల్లోపల అనుకుంటూ వచ్చినవాడు కాస్తా చెప్పులు విడిచి పక్కన పెట్టాడు, ఎందుకో తనకే తెలియలేదు.

"నేరస్థుడు నేరస్థలానికి మళ్లీ వచ్చి తీరతాడు," అన్నాడు బావ, బండ మీద బోర్లా పడుకుని అద్దంలోంచి చూస్తూ. "ఇక్కడ అడుగుజాడలున్నాయి. ఆరడుగుల మనిషి. ఎడమచేతి వాటం. మనసులో ఏదో దిగులు."

"అది చీమ బావా."

"ఆరడుగులన్నానా లేదా? కాళ్లు లెక్కపెట్టు."

పన్నెండు, పదమూడు, పద్నాలుగు దాటి వాతావరణ పెట్టె దగ్గరికి చేరారు. పదిహేడో నంబరు ఉండాల్సింది ఈ చుట్టుపక్కలే ఎక్కడో అని రిజిస్టరులో ఉంది. చుట్టుపక్కలంటే కొబ్బరి పీచులా చీలిన నూరు పగుళ్లు. అమ్మాయి మళ్లీ మోకాళ్ల మీద పడి వెతకడం మొదలుపెట్టింది. దర్జీ కూడా ఒక మూల నుంచి మొదలెట్టాడు. అతనికి ప్రతి పగులులోనూ మొక్క ఉన్నట్టే ఉంది, ఏ పగులులోనూ లేనట్టే ఉంది.

బావ ముందు కీ ఇచ్చే పని కానిచ్చాడు. తర్వాత సిరా సీసా మూత తీసి, పని చేస్తూనే ఉపన్యాసం అందుకున్నాడు.

"పని అంటే ఇదీ, చూడండి. పోయిన వారం నేనొచ్చేసరికి ఈ స్టాండు నువ్వుగింజంత ఒరిగి ఉంది. ఇంకొకడైతే పోనీలే అంటాడు. గడియారం పట్టిన చెయ్యి అలా అనదు. కాలి కింద ఒక రాయి పెట్టి సరిచేశాను. ఇప్పుడు కొండ కదలాలి గానీ ఇది కదలదు."

అని, కదలదని చూపించడానికి స్టాండును పట్టుకుని ఊపాడు.

కొండ కదల్లేదు. స్టాండు కదిలింది. కాలి కింద రాయి జారింది, పెట్టె వాలింది, దాన్ని పట్టుకోబోయి బావ చేతిలోని సీసాను వదిలేశాడు, దర్జీ పెట్టెను పట్టుకోబోయి బావను పట్టుకున్నాడు. ఇద్దరూ పెట్టెను కౌగిలించుకుని కూర్చున్నారు. సీసా బండకు తగిలి పగిలింది. జారిన రాయి రెండు పల్టీలు కొట్టి, మొక్కలమ్మాయి చెప్పు ముందు వెల్లకిలా ఆగింది.

దాని మీద తెల్ల రంగుతో పదిహేడు అని ఉంది.

పెట్టెలో యంత్రం టిక్కు టిక్కుమంటోంది.

"నేరస్థుడు మళ్లీ వచ్చి తీరతాడన్నావు," అన్నాడు దర్జీ బావ చంకలోంచి. "వచ్చాడు బావా. కీ కూడా ఇచ్చాడు."

"ఆ రాయి మీద అంకె లేదు," అన్నాడు బావ. "నేను అద్దంతో చూసే తీసుకున్నాను. రంగు పెచ్చులు కనిపించాయి. పెచ్చుల మధ్య పగుళ్లు కనిపించాయి. అంకె ఎక్కడుందిరా?"

"అద్దం తీస్తే ఉంది."

బావ అద్దం తీశాడు. రాయిని చూశాడు. అమ్మాయి ముఖం వైపు మాత్రం చూడలేకపోయాడు. దర్జీ ఆయన్ని ఇరవై ఆరేళ్లుగా ఎరుగును, ఆయన అలా తల దించుకోవడం ఎప్పుడూ చూడలేదు. "ఎక్కడ నుంచి తీశానో గుర్తు లేదు తల్లీ," అన్నాడు బావ. "గడియారం విప్పితే ఏ మర ఎక్కడిదో వరసగా పెట్టుకుంటాను. రాయిని మాత్రం రాయే కదా అనుకున్నాను."

ఆయన మాట ఆమెకు వినిపించనేలేదు. ఆమె చూపు బండ మీద ఉంది.

పగిలిన సీసాలోంచి ఊదా సిరా పల్లం వెతుక్కుంటూ పోతోంది. ఒక పగులులో దూరి, మలుపు తిరిగి, జానెడు కిందికి జారి, అక్కడ ఆగింది. బండ సిరా తాగదు. అది ఆగిన చోట మాత్రం బండ మెల్లగా తాగడం మొదలుపెట్టింది. ముందు ఊదారంగు నూగు తేలింది. నూగు అంచులు కట్టింది. అంచులు ఆకులయ్యాయి. ఒకటి, మూడు, ఏడు. ఏడాకుల నడుమ, ఒక్క చుక్క కూడా అంటకుండా, బఠాణీ గింజంత మొగ్గ.

"బాబాయ్," అంది అమ్మాయి, గాలి తగిలితే మాయమైపోతుందేమో అన్నంత మెల్లగా. "ఎవరూ కదలకండి."

బావ కదలాలన్నా వీలు లేదు. ఆయన ఒళ్లో వాతావరణమంతా ఉంది.

ఆమె తాగే నీళ్ల సీసా మొత్తం ఖర్చుపెట్టి ఆ ఆకులను కడిగింది. ఊదారంగు పూర్తిగా పోలేదు. కొండ మొత్తం మీద బయటికి కనిపించే బండచుక్క అదొక్కటే అయింది. మొగ్గ మీద వేలు ఆనీ ఆననట్టు పెట్టి చూసింది. "ఇంకా బిగిసే ఉంది. రేపు పొద్దున్న విచ్చుకోవాలి. రేపు సాయంత్రానికి తొమ్మిదో నంబరు వాడిపోతుంది."

"విచ్చుకోకపోతే?" అన్నాడు దర్జీ.

ఆమె రాయిని తెచ్చి మొక్క పక్కన పెట్టి, చుట్టూ చిన్న రాళ్లు దట్టించింది.

*

మర్నాడు ఐదో రోజు. పొద్దున వెళ్లేసరికి మొగ్గ విచ్చుకోలేదు. కొసన మాత్రం కలం ములుకంత సందు తెరుచుకుంది. ఎండ ముదిరేదాకా చూశారు. సందు సందుగానే ఉంది. అవతల తొమ్మిదో నంబరు రేకులు రెండు అప్పటికే వాలిపోయాయి.

"ఆ సందులోంచి కుంచె పంపి పుప్పొడి తియ్యాలి," అంది అమ్మాయి. "రేకు చిరిగితే అయిపోయినట్టే." సంచీలోంచి నాలుగు వెంట్రుకల కుంచె తీసింది. వంగింది. చెయ్యి వణికింది. నిటారుగా లేచి, చేతులు విదిలించుకుని మళ్లీ వంగింది. మళ్లీ వణికింది. మూడోసారి కుంచె పక్కన పెట్టేసింది. "నా వల్ల కావడం లేదు బాబాయ్. నాలుగు రోజులుగా నిద్ర లేదు."

దర్జీ తన చేతుల వైపు చూసుకున్నాడు. సూది పట్టిన చేతులే గానీ, ఇంత సన్నటి పని వాటికి అలవాటు లేదు.

"నాకివ్వు తల్లీ," అన్నాడు బావ.

ఆమె సందేహించింది. దర్జీ అంతకన్నా ఎక్కువ సందేహించాడు. అయినా ఇంకో దారి లేదు. కుంచె ఇచ్చింది.

బావ బండ మీద బోర్లా పడుకున్నాడు. అద్దం బిగించుకున్నాడు. మొగ్గకూ ముక్కుకూ మధ్య జానెడు కూడా లేదు. ఆ జానెడు లోపల ఆయనకు తెలియనిదేమీ లేదు. కుంచె సందులోకి వెళ్లింది. వెళ్లిందని కూడా తెలియనంత మెల్లగా వెళ్లింది, పసుపు అంటుకుని అంతే మెల్లగా బయటికి వచ్చింది. అటు తొమ్మిదో నంబరు దగ్గరికి వెళ్లి దాని నడిమి కొనకు అద్దాడు. అక్కడి పుప్పొడి తెచ్చి ఇక్కడ సందులోకి అందించాడు. అరగంట పట్టింది. ఆ అరగంటలో ఆయన ఒక్క మాట మాట్లాడలేదు. దర్జీకి భయం వేసి, బావ ఊపిరి తీస్తున్నాడో లేదో అని వీపు మీద చెయ్యి పెట్టి చూశాడు.

ఆ సాయంత్రమే తొమ్మిదో నంబరు రేకులు రాలిపోయాయి. ఇక చూడటానికి ఏమీ లేదు, ఎదురుచూడటం తప్ప. బావ కొట్లో కూర్చుని పదిరోజులూ గడియారాలే బాగుచేశాడు. ముఠా మాట ఎత్తలేదు. దిగులు పడ్డాడేమోనని అక్క రెండుసార్లు కొట్టుకు వచ్చి నుదురు తాకి చూసి వెళ్లింది.

పదకొండో రోజు మొక్కలమ్మాయి ఇద్దరినీ కొండెక్కించింది. తొమ్మిదో నంబరు దగ్గర కూర్చోబెట్టి, పువ్వు ఉన్న చోటు చూపించింది. పచ్చటి కాయ ఒకటి, మొదట్లో ఉబ్బి, వేలితో నొక్కితే గట్టిగా తగులుతోంది. పదిహేడో నంబరుకు కూడా ఇంకొకటి, చిన్నది.

"ఒక్కో కాయలో ముప్పై గింజలు ఉంటాయట," అంది. "పాత సారుకి ఉత్తరం రాశాను."

బావ కాయను అద్దంతో చూశాడు. అద్దం తీసి కూడా చూశాడు. ఆ తర్వాత దిగుతున్నంతసేపూ ఆయన నడకలో పాత ఊపు మెల్లమెల్లగా తిరిగి వచ్చింది. మేకల పెద్దమ్మ బండ దగ్గరికి వచ్చేసరికి ఛాతీ కూడా ముందుకు వచ్చేసింది.

"దొంగ దొరికాడా బాబూ?" అని అడిగిందామె.

"దొరికాడు పెద్దమ్మా," అన్నాడు బావ. "విచారించాను. తప్పు ఒప్పుకున్నాడు. మనిషి మంచివాడే. మందలించి వదిలేశాను."

"మంచి పని చేశావు," అంది పెద్దమ్మ, మేకను పక్కకు నెడుతూ. "వాడు రాయి తీసుకుంటుంటే నేనూ చూశాను. పెద్దమనిషిలా ఉన్నాడు కదాని నేనూ ఊరుకున్నాను."